అన్న కొన్న ఆటలు చెల్లెలికి కనబడకపోతే



ఇవాళ నేను మాట్లాడబోయేది ఊరగాయల గురించీ కాదు, చీరలకు గంజి పెట్టడం గురించీ కాదు. కంప్యూటర్లో పిల్లలు ఆడుకునే ఆటల గురించి. "అదేదో పిల్లల గోల, మనకెందుకమ్మా" అని రేడియో కట్టెయ్యకండి. ఆ గోల వల్లనే మా యింట్లో మూడు రోజులపాటు నేనూ మా తోడికోడలూ ఒకే వంటింట్లో మాటా పలుకూ లేకుండా తిరిగాం. అందుకని చెబుతున్నాను.

మాది వెంకటగిరికోట. మేమూ మా మరిదిగారి కుటుంబమూ ఒకే యింట్లో ఉంటాం. మా పెద్దవాడు బెంగుళూరులో హాస్టల్లో ఉండి చదువుకుంటున్నాడు. చిన్నపిల్లలకు ట్యూషన్లు చెప్పగా వచ్చిన డబ్బుతో స్టీమ్ అనే దుకాణంలో అప్పుడొకటి అప్పుడొకటిగా ఆటలు కొనుక్కున్నాడు. దసరా సెలవులకు వచ్చినప్పుడు, తొమ్మిదో తరగతి చదివే చెల్లెలికీ, ఇంటర్ చదివే పినతండ్రి కొడుక్కీ కూడా అవి అందాలని ఏదో "ఫ్యామిలీ" పెట్టి, "ఇంక మీరూ ఆడుకోండి" అని చెప్పి బస్సెక్కాడు. మర్నాడు మా అమ్మాయి కంప్యూటరు తెరిచి చూస్తే ఒక్క ఆట లేదు. "అమ్మా, అన్న ఆటలు యాడా కనపళ్ళేదు. తీసేసినట్టుండాడు" అని ఏడుపు. ఫోనులో అడిగితే వాడు, "నేనేమీ తియ్యలేదే, తమ్ముడేమైనా మార్చాడేమో కనుక్కో" అన్నాడు. నేను ఆ మాట పట్టుకుని పిల్లవాణ్ణి నాలుగు అడిగాను. అది వాళ్ళమ్మ విన్నది. "అక్కా, మావాడు దొంగ కాదు" అని ఒక్క మాట అని లోపలికి పోయింది.

నిజానికి ఎవరూ ఏమీ తియ్యలేదు, మార్చలేదు. అది తెలుసుకోవడానికి నాకు మూడు రోజులు పట్టింది.

స్టీమ్ అన్నది అమెరికాలోని వాల్వ్ కంపెనీవారి దుకాణం. 2003లో మొదలయింది. 2015 నుంచి మన దేశంలోని వారికి ధరలు రూపాయల్లో చూపిస్తున్నారు. ఇక్కడ కొన్న ఆట చేతికి వచ్చే వస్తువు కాదు. డబ్బు కట్టిన వారి అకౌంటు పేరున, ఫలానా ఆట ఆడుకునే హక్కు వీరికి ఉంది అని వాళ్ళ పుస్తకంలో రాసి పెట్టుకుంటారు. ఆ హక్కులన్నీ వరుసగా కనిపించే చోటుకే లైబ్రరీ అని పేరు. కనుక ఆట కనబడలేదంటే అది పోయిందని కాదు, మనం చూస్తున్న పుట వేరే కావచ్చు. ఈ ముక్క ముందే తెలిసుంటే నేను పిల్లవాణ్ణి అడిగేదాన్ని కాదు.

ఇంట్లోవారు ఒకరి ఆటలు ఒకరు వాడుకునే ఏర్పాటు మొదట 2013లో కొందరికి, 2014లో అందరికీ వచ్చింది. ఆ పాత పద్ధతిలో, ఆటలు కొన్నవాడు ఎదుటివారి కంప్యూటరు దగ్గరికి వచ్చి తన అకౌంటు తెరిచి, ఈ యంత్రానికి నేను అనుమతి ఇస్తున్నాను అని చెప్పాలి. పైగా బీరువా మొత్తానికి ఒకటే తాళం. అన్న బెంగుళూరులో తన ఆటల్లో ఏదో ఒకటి మొదలుపెట్టాడా, చెల్లెలు ఇక్కడ అన్న కొన్న వేరే ఆట ఆడుతున్నా సరే, కొద్ది నిమిషాల్లో ఆపి లేవవలసిందే. 2024 మార్చిలో స్టీమ్ ఫ్యామిలీస్ అనే కొత్త పద్ధతిని పరీక్షగా పెట్టి, సెప్టెంబరులో అందరికీ ఇచ్చారు. ఇందులో పెట్టినవారితో కలిపి ఆరుగురు ఉండవచ్చు. మన ఊరి గ్రంథాలయంలాగే, ఒక పుస్తకం ఒకరు తీసుకెళ్తే ఆ పుస్తకం మాత్రమే ఇంకొకరికి దొరకదు, తక్కినవి దొరుకుతాయి. ఒకే ఆటను ఇద్దరూ ఒకే సమయంలో ఆడాలంటే ఇంట్లో రెండు కాపీలు ఉండాలి. ఎవరు ఎంతవరకు ఆడారన్న లెక్క ఎవరిది వారికే ఉంటుంది, అన్న దాచుకున్న ఆట చెల్లెలు చెడగొట్టిందనే భయం లేదు. ఈ పాత కథ ఎందుకు చెప్పానంటే, తెలిసిన పిల్లలు కూడా కొందరు ఇంకా "కంప్యూటరుకు అనుమతి ఇవ్వాలి ఆంటీ" అంటారు. మా ఎదురింటి అబ్బాయి అట్లా అనే ఒక సాయంత్రమంతా ఆ మీట కోసం వెతికించాడు.

ఇంక మా యింట్లో ఏం జరిగిందంటే, కంప్యూటరు ఒకటి, అకౌంట్లు రెండు. ముందురోజు రాత్రి మా మరిది కొడుకు ఆడుకుని అట్లాగే ఆపేశాడు. మా అమ్మాయి తెల్లారి తెరిచినప్పుడు అది వాడి అకౌంటుతోనే తెరుచుకుంది. స్టీమ్ తెర మీద కుడివైపు పైన అకౌంటు పేరు ఉంటుంది. దాన్ని ఎవరూ చూడలేదు. ఆటలు లేవు అని ఏడిస్తే లేనట్టే మరి, అది దాని అకౌంటు కాదు!

అయితే, మా మరిది కొడుకు అకౌంటులో మాత్రం ఎందుకు లేవు? వాడినీ చేర్చాడు కదా? చేర్చలేదు, పిలిచాడు అంతే. ఫ్యామిలీలోకి ఆహ్వానం పంపితే, అవతలివారు తమ అకౌంటులో దాన్ని తెరిచి ఒప్పుకోవాలి. పెళ్ళికి శుభలేఖ పంపినంత మాత్రాన చుట్టం వచ్చి పీట మీద కూర్చున్నట్టు కాదు గదా. స్టీమ్‌లో ఎడమవైపు పైన ఉండే స్టీమ్ అన్న మాట మీద నొక్కి, సెట్టింగ్స్‌లోకి వెళ్ళి, అక్కడ ఫ్యామిలీ అన్నదాన్ని తెరిస్తే, ఎవరెవరు లోపలున్నారో, ఎవరికి పిలుపు వెళ్ళి ఆగిపోయిందో కనిపిస్తుంది. మావాడు ఆ పిలుపును చూడనే లేదు. దొంగతనం అంటగట్టిన పిల్లవాడు అసలు గడప దాటి లోపలికే రాలేదన్నమాట. ఆ సాయంత్రం నేనే కాఫీ కలిపి తీసుకెళ్ళి మా తోడికోడలితో మాట కలిపాను. ఆమె కాఫీ తాగింది గాని, పూర్తిగా మెత్తబడటానికి ఇంకో రెండు రోజులు పట్టింది.

సరే, మా అమ్మాయి అకౌంటు తెరిచాం. అప్పుడూ పట్టీలో మూడే ఆటలు! అన్నవి ముప్ఫై దాకా ఉండాలి. దీని కారణం తెలిశాక నవ్వొచ్చింది. ఆటల పట్టీ పైన చిన్న చిన్న గుర్తులుంటాయి. అందులో ఒకటి త్రికోణం గుర్తు. అది నొక్కి ఉంటే, ఈ కంప్యూటర్లో ఇప్పటికే దింపుకుని ఆడటానికి సిద్ధంగా ఉన్న ఆటలే కనిపిస్తాయి. అన్న ఆటలు కొత్తగా వచ్చినవి, ఇంకా దింపుకోలేదు కాబట్టి అన్నీ దాక్కున్నాయి. ఇంకో గుర్తు పెంగ్విన్ పక్షి బొమ్మ. అది నొక్కితే లైనక్స్ అనే వేరే రకం కంప్యూటర్లలో నడిచేవే చూపిస్తుంది. ఆ గుర్తుల మీద ఎప్పుడు చెయ్యి తగిలిందో ఎవరికీ గుర్తుండదు. వెతుకుడు పెట్టెలో ఏవైనా అక్షరాలు మిగిలిపోయినా ఇదే తంతు. అవి తీసేసి, ఒకసారి స్టీమ్ పూర్తిగా మూసి మళ్ళీ తెరిచాం. బిలబిలమంటూ వచ్చేశాయి.

అయినా అన్నీ రాలేదు. ఇక్కడ తల్లులు ఒక సంగతి గమనించాలి. ఫ్యామిలీలో చేర్చేటప్పుడు ప్రతివారినీ పెద్దవారుగానో పిల్లలుగానో చేరుస్తారు. పిల్లలుగా చేరినవారికి ఏయే ఆటలు కనబడాలో, రోజుకు ఎంతసేపు ఆడాలో పెద్దవారు నిర్ణయించవచ్చు. మా పెద్దవాడు చెల్లెల్ని పిల్లగా చేర్చి, తుపాకుల ఆటలు నాలుగు దానికి కనబడకుండా పెట్టాడు. పెట్టి మరిచిపోయాడు! అడిగితే, "అవును గదా" అన్నాడు. నాకు వాడి మీద కోపం రాలేదు, సంతోషమే వేసింది. కాని అది చెప్పి చెయ్యవలసిన పని. చెప్పకుండా దాచితే పిల్లలు దాన్ని మోసం అనుకుంటారు. ఇప్పుడు నేనూ ఒక అకౌంటు తెరుచుకుని అందులో పెద్దదానిగా చేరాను. నేను ఆడేదేమీ లేదు. ఏదైనా ఆట కావాలన్నా, ఇంకో గంట కావాలన్నా అమ్మాయి అడిగితే ఆ అర్జీ నా ఫోనుకు వస్తుంది. పరీక్షలప్పుడు నేను దాన్ని తెరవను.

చివరికి రెండు ఆటలు మిగిలాయి. వాటికి మందు లేదు. కొన్ని ఆటలను స్టీమ్‌లో కొన్నా, ఆడటానికి ఆ ఆట తయారుచేసిన కంపెనీవారి దగ్గర మళ్ళీ వేరే అకౌంటో చందానో ఉండాలి. అలాంటివి పంచుకోవడానికి వీలుండదు. తమ ఆటలను పంచవద్దని చెప్పే హక్కు తయారుచేసినవారికి కూడా ఉంది. కౌంటర్ స్ట్రైక్, డోటా వంటి ఉచితపు ఆటలను ఎవరి అకౌంటులోకి వారే తెచ్చుకోవాలి. కొనకముందే తెలుసుకోవాలంటే, దుకాణంలో ఆ ఆట పేజీలో కుడివైపు ఉండే వివరాల్లో ఫ్యామిలీ షేరింగ్ అన్న మాట ఉందా లేదా చూసుకోవాలి. ఇద్దరికీ కలిపి అని డబ్బులు పెట్టేవారికి ఈ ఒక్క మాట చాలా ముఖ్యం.

ఇంతలో మేము చెయ్యబోయిన ఒక పొరపాటు చెప్పాలి. రెండో రోజు రాత్రి మావారు విసుగొచ్చి, "ఈ రాద్ధాంతమంతా ఎందుకు, అందరూ అందులోంచి బయటికి వచ్చెయ్యండి, కొత్తది పెట్టుకుందాం" అన్నారు. రేడియో పాడయితే కట్టి మళ్ళీ పెట్టడం మనకు అలవాటే గదా. అమ్మాయి చెయ్యి మౌసు మీదే ఉంది. అదృష్టవశాత్తు ఆ క్షణానికే కరెంటు పోయింది. మర్నాడు పెద్దవాడు చెప్పాడు. పెద్దవారు ఫ్యామిలీలోంచి ఎప్పుడైనా బయటికి రావచ్చు గాని, అందులో చేరిన రోజు నుంచి ఏడాది నిండేదాకా ఇంకో ఫ్యామిలీలో చేరడానికీ లేదు, కొత్తది పెట్టడానికీ లేదు. పిల్లలుగా చేరినవారు తమంతట తాము బయటికి రాలేరు, పెద్దవారు తీసెయ్యాలి. తీసేసినా ఆ చోటు వెంటనే ఇంకొకరికి పనికిరాదు, దానికీ ఏడాది లెక్క ఉంది. దసరాకు చేరినవాళ్ళం కోపంలో వీగిపోయి ఉంటే, మళ్ళీ దసరా దాకా ఎవరి ఆటలు వారివే! వేరు కాపురం పెట్టినంత పని. ఏది కనబడకపోయినా సరే, ఫ్యామిలీలోంచి బయటికి రావడం, ఒకరిని తీసెయ్యడం అనే మీటల జోలికి మాత్రం పోకండి.

పాస్‌వర్డు ఇచ్చిపుచ్చుకోవడం కూడా వద్దు. ఎవరి అకౌంటు వారికి ఉంచడానికే ఈ ఏర్పాటంతా. మీ ఆటలు కనబడేట్టు చేస్తాం, ఫోనుకు వచ్చిన కోడు చెప్పండి అని ఎవరైనా అడిగితే చెప్పకూడదు. ఆ కోడు ఇస్తే అకౌంటే ఇచ్చినట్టు. మరొకటి. అన్న కొన్న ఆటను తమ్ముడు ఆడుతూ ఏదైనా మోసపు సాఫ్ట్‌వేరు వాడి పట్టుబడి నిషేధం పడితే, ఆ ఆటలో అన్నకు కూడా నిషేధం పడుతుంది. తక్కినవారికి పడదు. అందుకని చేర్చేముందే పిల్లల్ని కూర్చోబెట్టి ఈ సంగతి చెప్పాను.

మా ఫ్యామిలీలో ఇప్పుడు నలుగురం ఉన్నాం, ఇంకా రెండు చోట్లు ఖాళీ. ఈ సంగతి తెలిసి పుంగనూరు నుంచి మా ఆడపడుచు ఫోను చేసి, "వదినా, మా పెద్దోడిని కూడా చేర్చండి" అంది. కాదనడం కష్టమే. కాని ఈ ఏర్పాటు ఒకే యింట్లో కాపురముండే దగ్గరివారికని వాళ్ళ నిబంధన. అందరి అకౌంట్లూ ఒకే దేశంవి కూడా అయివుండాలి. మన లెక్కలో ఆడపడుచు కొడుకు ఇంటిపిల్లవాడే, కంపెనీ లెక్కలో కాదు. హాస్టల్లో ఉన్నవాడు పండగకూ సెలవులకూ వచ్చేది ఈ యింటికే గనుక మావాణ్ణి ఇంటివాడిగానే అనుకున్నాం. పుంగనూరులో వేరే కాపురం ఉన్నవాళ్ళ గురించి అలా అనుకోవడానికి నాకు మనసొప్పలేదు. ఆ మాటే నెమ్మదిగా చెప్పాను. ఫ్యామిలీ పెట్టుకోవడానికి పైసా ఖర్చు లేదు, మీ యింట్లో మీరే ఒకటి పెట్టుకోవచ్చు అని, పిలుపు పంపడం, అవతల ఒప్పుకోవడం, ఆ త్రికోణం గుర్తు సంగతి అన్నీ ఫోనులోనే విడమరిచి చెప్పాను. ఆమె కాస్త చిన్నబుచ్చుకుంది గాని విన్నది. వాళ్ళ పెద్దవాడి దగ్గర ఇప్పటికి ఉన్నవి రెండే ఆటలట. చిన్నవాడికి రెండూ కనబడుతున్నాయట.

సెలవు.