ఒల్లని క్రియ

ఆంగ్లమున 'నిల్' అను ప్రాచీన క్రియ యొకటి గలదు. విద్యార్థులు దీనిని చూచినంతనే శూన్యార్థకమైన మరొక 'నిల్' అని భ్రమపడి అనువాదమును చెడగొట్టుకొనుచుందురు. అది లాటిను పదము, ఒకే 'ఎల్' గలది. ఇది అచ్చమైన ఆంగ్లము, రెండు 'ఎల్'లు గలది. ఇచ్ఛించుట యను 'విల్'కు ముందు ప్రాచీనాంగ్ల నిషేధార్థకమైన 'నె' చేరి 'నిల్' అయినది. ఇష్టపడకుండుట దీని యర్థము. షేక్స్పియరు 'హామ్లెట్' నాటకమున గోతులు త్రవ్వువాని నోట వినవచ్చును. నేడు 'విల్లీ-నిల్లీ' అను జంటపదమున మాత్రము మిగిలియున్నది. ఇష్టమున్నను లేకున్నను అని దాని తొలి యర్థము. అడ్డదిడ్డముగా అనునది పిదప వచ్చినది.

ఉర్దూ విద్యార్థులకు ఇది వింతగాదు. 'ఖ్వాహ్-మఖ్వాహ్' అను పారసీ జంట సరిగా ఇదియే: కోరుము, కోరకుము. అదియే బజారులో 'ఖామఖా' యై, అనవసరముగా అను అర్థమునకు దిగినది.

తెలుగున దీనికి సాటి 'ఒల్లు'. ఆంగ్లమువలె ముందేమియు చేర్చనక్కరలేదు; ఒల్లను, ఒల్లవు, ఒల్లడు అని చివరనే వ్యతిరేకార్థము వచ్చును. కావ్యములలో తరచు ఈ రూపములే కానవచ్చును. వాడుకలో 'వద్దు' దాని చోటు నాక్రమించినది. కాని 'వద్దు'లో పురుషభేదము లేదు, ఎవరు కాదనుచున్నారో ఆ మాట చెప్పదు. 'ఒల్లను' అన్నచో అనువాని మనస్సే పలుకును. నికాహ్‌లో 'కుబూల్' అనుటకు మాటయున్నప్పుడు, సమ్మతింపని కన్యకును తనదైన మాట యొకటి యుండవలదా? మాకిది చిన్న భేదముగా తోచదు.

జహీరాబాదు నుండి బీదరు దాటి పోయినచో, ఉత్తర కర్ణాటకమున పిల్లలు 'ఒల్లె' అనియే నేటికిని అన్నపు ముద్దను కాదనుచుందురు.