కాగితపు కీలుగుర్రం

కాల్పనిక లోకాల్లో సంచరించే కాగితపు జీవయంత్రాలు, అంటే మడతలే కీళ్ళుగా, గాలో తడో ఇంధనంగా తమంతట తాము నడిచి, ఎగిరి, పని తీరాక మళ్ళీ చదునైన కాగితంగా మారిపోయే ఊహాజీవులు, పైకి పరదేశపు సృష్టిలా తోచినా వాటిని అందుకోవడానికి తెలుగు పాఠకుడికి కొత్త మాట అక్కరలేదు. దేహంలోని సంధినీ యంత్రంలోని మరనూ తెలుగు ఒక్క మాటతోనే పిలుస్తుంది. మోకాలిని వంచేదీ కీలే, బొమ్మను ఆడించేదీ కీలే. కీలెరిగి వాత పెట్టమన్న సామెత వైద్యుడికి ఎంత వర్తిస్తుందో యంత్రకారుడికీ అంతే వర్తిస్తుంది.

మన పూర్వులు ఊహించిన యంత్రాలు ఎక్కువగా కొయ్యవి. భోజరాజు పేరిట వెలసిన 11వ శతాబ్దపు ‘సమరాంగణ సూత్రధారం’ తేలికైన కొయ్యతో పక్షిని మలచి, దాని కడుపులో పాదరసాన్ని వేడిచేసి, ఆకాశానికి లేపే విమానాన్ని వర్ణించింది. 1949లో వచ్చిన ‘కీలుగుర్రం’ చిత్రంలోని ఎగిరే గుర్రానిదీ ఆ వంశమే. జాతరల్లో వెదురు బద్దల చట్రానికి గుడ్డా కాగితమూ అంటించి ఆడించే గుర్రం కాస్త దగ్గరి చుట్టమే గాని, దాని కాళ్ళు లోపల నిలబడిన మనిషివి. కాగితమే జంతువైన కథ చైనాలో ఉంది. అక్కడి ఎనిమిది మంది అమరుల్లో ఒకడైన ఝాంగ్ గువోలావ్ తన గాడిదను కాగితంలా మడిచి సంచిలో పెట్టుకునేవాడనీ, ప్రయాణం తగిలినప్పుడు దానిమీద నోటితో నీళ్ళు చిమ్మితే అది లేచి నిలబడేదనీ చెబుతారు. ఈ కథలో మహిమ కంటె నీళ్ళే గమనించదగినవి.

ఆ నీళ్ళ సంగతి తెలియాలంటే కాగితం ఎక్కడినుంచి దిగివస్తుందో చూడాలి. రంపచోడవరం, మారేడుమిల్లి మన్యపు కొండల్లో కొండరెడ్లు బుట్టలూ తడికలూ అల్లుకునే వెదురే, వానాకాలంలో లేతకొమ్ములు కోసి కూర వండుకునే ఆ వెదురే, దశాబ్దాలపాటు రాజమహేంద్రవరంలోని కాగితపు మిల్లుకు ముడిసరుకుగా దిగింది. 1964లో ఆంధ్రప్రదేశ్ పేపర్ మిల్స్‌గా ఏర్పడి నేడు ఆంధ్రా పేపర్ అనే పేరుతో నడుస్తున్న ఆ సంస్థ ఇప్పుడు ఎక్కువగా సరుగుడు, సుబాబుల్ వంటి తోటల కలపను వాడుతోంది. కలపను ముక్కలు చేసి, కాస్టిక్ సోడా, సోడియం సల్ఫైడ్ కలిసిన ద్రావణంలో ఒత్తిడి మీద ఉడికిస్తే, పోగులను అతికించి ఉంచే లిగ్నిన్ అనే సహజమైన జిగురు కరిగిపోయి, సెల్యులోజ్ అనే పదార్థంతో కూడిన పోగులు మిగులుతాయి. వెదురు పోగు పొడవు సగటున 2 మిల్లీమీటర్లు. తడి తగిలితే ఆ పోగు అడ్డంగా బాగా ఉబ్బుతుంది, నిలువునా దాదాపు సాగదు. యంత్రం మీద తయారైన కాగితంలో పోగులు ఎక్కువగా ఒకే దిశగా పరుచుకుంటాయి కాబట్టి కాగితం కూడా ఒక వైపుకే ఎక్కువగా పెరుగుతుంది.

పలచని ట్రేసింగ్ కాగితం ముక్కను చెమ్మగా ఉన్న అరచేతిలో పెడితే ఈ గుణం కంటికి కనిపిస్తుంది. చర్మానికి ఆనిన వైపు ముందుగా ఉబ్బడంతో ముక్క అంచులు మెల్లగా పైకి లేచి, ఎవరో మేల్కొలిపినట్టు వంకర తిరుగుతాయి. చెమ్మ ఆరితే వెనక్కి వాలుతాయి. కండరం లేదు, చలనం ఉంది. గాడిద కథను మొదట చెప్పినవాడు ఏదో ఒక ముసురు రోజున తన కాగితాలు మెలిదిరగడం చూసే ఉంటాడు.

ఆ గాడిదలా తనంతట లేచే కాగితాన్ని నిజంగా చేయబోయినవారూ ఉన్నారు. హార్వర్డ్, ఎం.ఐ.టి. పరిశోధకులు 2014లో కాగితాన్నీ, వేడికి ముడుచుకునే ప్లాస్టిక్‌నూ, పలచని విద్యుత్ వలయాన్నీ పొరలుగా అతికి తయారుచేసిన రోబో, సుమారు 4 నిమిషాల్లో తనను తాను మడుచుకుని లేచి నడిచింది. అయితే దాన్ని నడిపింది బ్యాటరీ, మోటార్లు. కాగితం ఎముకల పాత్రతో సరిపెట్టుకుంది. గాడిద లెక్కన ఇది సగం విజయమే.

తడితోనే నడిచే యంత్రాన్ని చూడాలంటే మళ్ళీ మన్యానికే, అక్కడి ఆశా కార్యకర్త సంచి దగ్గరికే రావాలి. 1922-24లో అల్లూరి సీతారామరాజు నడిపిన తిరుగుబాటును అణచడానికి కొండలెక్కిన బలగాలను పీడించిన చలిజ్వరం, అనగా మలేరియా, ఆ మన్యాన్ని ఇంకా పూర్తిగా వదలలేదు. దాన్ని పట్టేందుకు ఆ సంచిలో ఉండే తక్షణ పరీక్షలో, ప్లాస్టిక్ తొడుగు లోపల, సెల్యులోజ్‌ను నైట్రిక్ ఆమ్లంతో మార్చి చేసిన నైట్రోసెల్యులోజ్ పట్టీ ఉంటుంది. సన్నని రంధ్రాలతో నిండిన ఆ పొర కాగితానికి కూతురు వరస అనుకోవచ్చు. వేలికొసనుంచి తీసిన సుమారు 5 మైక్రోలీటర్ల రక్తాన్ని, అంటే చుక్కలో పదోవంతును, ఒక కొసన ఉంచి ద్రావణం బొట్లు వేస్తే, దీపపు వత్తి నూనెను పీల్చినట్టు పట్టీ ఆ తడిని ముందుకు లాక్కుంటుంది. దారిలో బంగారపు అతిసూక్ష్మ రేణువులకు అతికించిన ప్రతిరక్షకాలు, అనగా నిర్ణీతమైన ప్రొటీన్‌ను మాత్రమే పట్టుకునే అణువులు, మలేరియా క్రిమి విడిచిన ప్రొటీన్ ఉంటే దాన్ని పట్టుకుని తడితోపాటు కదులుతాయి. ముందున్న గీత వద్ద కాపు కాసిన మరికొన్ని ప్రతిరక్షకాలు వాటిని ఆపేయగా, రేణువులు పోగుపడి ఎర్రని గీత తేలుతుంది. పరీక్ష సరిగా నడిచిందని తెలిపే రెండో గీత వేరుగా ఉంటుంది. మోటారు లేదు, బ్యాటరీ లేదు. అవతలి కొసన ఉన్న మందపాటి అద్దుడు కాగితమే దీనికి గుండె.

ఆ కాగితం తడిసి నిండేసరికి చలనం ఆగుతుంది. ఫలితాన్ని సాధారణంగా 15 నుంచి 20 నిమిషాల్లో చూడాలి. గడువు దాటాక తేలిన గీతను లెక్కలోకి తీసుకోకూడదు. రక్తం తగిలింది గనుక ఝాంగ్ గువోలావ్ గాడిదలా దీన్ని తిరిగి సంచిలో వేసుకోవడానికి వీల్లేదు.