నీడ పెరటికి కనకాంబరం

మన పల్లెటూరి ఇళ్ళ చుట్టూ ఎంతో కొంత ఖాళీ స్థలం ఉంటుంది. ఎండ తగిలే చోట వంగ, బెండ, గోంగూర వేసుకుంటాము. ఇంటి ఉత్తరపు గోడ వెంట, వేపచెట్టు కింద ఉన్న నేలను మాత్రం "అక్కడ ఏదీ రాదు" అని వదిలేస్తాము. కట్టెలకో, విరిగిన సామానుకో ఆ చోటు పోతుంది. అటువంటి నేలలో ఏడాది పొడుగునా పచ్చగా ఉండి, పూలు కూడా ఇచ్చే పొద మనకు కొత్తది కాదు. అది కనకాంబరమే.

దక్షిణ భారతదేశము, శ్రీలంక దీని పుట్టిళ్ళు. అడ్డసరం, నేలవేము కూడా ఈ కుటుంబపు మొక్కలే. సాధారణంగా మూడడుగులకు మించి ఎదగదు. ఆకులు ముదురు ఆకుపచ్చగా నిగనిగలాడుతూ, రాలి బోడి కాకుండా ఉంటాయి. పూలు వెన్ను మీద అడుగు నుండి పైకి వరుసగా విచ్చుకుంటాయి. వాసన లేకపోయినా, మల్లె వాడిపోయిన తరువాత కూడా కనకాంబరం తాజాగానే ఉంటుంది.

నీడ అంటే ఎంత నీడ? పొద్దున్న మూడు నాలుగు గంటలు ఎండ తగిలి, మధ్యాహ్నపు ఎండకు మరుగున్న చోటు దీనికి చాలా బాగు. చెట్టు ఆకుల సందుల నుండి వెలుగు చుక్కలుగా పడే చోట కూడా చక్కగా వస్తుంది. వెలుగు బాగా తక్కువైన మూలలో మొక్క బ్రతుకుతుంది గాని, సన్నగా సాగిపోయి పూత తగ్గుతుంది. చెట్టు మొదటికి ఆనించి నాటవద్దు. అక్కడ చెట్టు వేళ్ళే నీటిని, సారాన్ని లాగేసుకుంటాయి. నాలుగైదు అడుగులు ఎడంగా మడి కట్టుకోవాలి.

వానలు మొదలైన తరువాత నాటడం మంచిది. నేలను గుల్ల చేసి, బాగా మాగిన పశువుల ఎరువు కలపాలి. మొక్కకు మొక్కకు రెండడుగుల ఎడం ఉంచాలి. నీరు నిలిచే పల్లమైతే మడిని జానెడు ఎత్తు చేసుకోవాలి. నాటిన మొక్క కాస్త ఎదగగానే తల తుంచితే పక్క కొమ్మలు వచ్చి, పొద గుబురుగా నేల మీద పరచుకుంటుంది. పూత అయిపోయిన వెన్నులను ఎప్పటికప్పుడు కత్తిరిస్తే కొత్త కొమ్మలు, కొత్త పూలు వస్తాయి.

నాటు కనకాంబరానికి విత్తనమే చాలు. ఎండిన కాయకు నీటి తడి తగిలితే చిటుక్కున పగిలి గింజలు దూరంగా పడతాయి. అందుకే తొలకరి తరువాత తల్లి మొక్క చుట్టూ నారు దానంతట అదే మొలుస్తుంది. పొరుగింటి నుండి పది నారు మొక్కలు అడిగి తెచ్చుకోవచ్చు. ఢిల్లీ కనకాంబరం అనే రకానికి మాత్రం విత్తనం పట్టదు. దానిని కొమ్మ ముక్కలతోనే పెంచాలి. మరీ లేతవి, మరీ ముదురువి కాని ముక్కలను తడి ఇసుకలో, నీడలో గుచ్చితే వేళ్ళు వస్తాయి.

ఈ మొక్కకు పెద్ద శత్రువు ఎండు తెగులు. నిన్నటి దాకా పచ్చగా ఉన్న పొద తల వాల్చేస్తుంది. నీళ్ళు చాలలేదేమోనని ఇంకా పోస్తాము, మొక్క ఇంకా త్వరగా చచ్చిపోతుంది. కంటికి కనబడని నులిపురుగులు వేళ్ళను గాయపరచగా, నేలలోని శిలీంధ్రం ఆ గాయాల గుండా లోపలికి చేరుతుంది. పది పొదల పూలు అమ్ముకుని పిల్లల పుస్తకాలు కొనే ఇంటికి ఇది చిన్న నష్టం కాదు. కాబట్టి నాటేటప్పుడే పాదులో దోసెడు వేపపిండి కలపాలి. దొరికితే ట్రైకోడెర్మా పొడిని మాగిన ఎరువులో కలిపి వేయవచ్చు. చచ్చిన మొక్కను వేళ్ళతో సహా తీసి కాల్చివేయాలి. ఆ చోట వెంటనే మరల కనకాంబరం పెట్టక, ఎండ తగిలే చోటైతే ఒక పంట బంతి వేయండి. బంతి వేళ్ళు నులిపురుగులను తగ్గిస్తాయి. లేత ఆకులు పసుపురంగుకు తిరిగి ఈనెలు మాత్రం పచ్చగా ఉంటే, అది తెగులు కాదు, ఇనుము లోపము. సున్నం ఎక్కువున్న నేలల్లో ఇలా అవుతుంది.

పూలను రోజు విడిచి రోజు, తెల్లవారుజామున కోయాలి. తూకానికి తేలిక, వాడిపోవడం ఆలస్యం. మాలగా కట్టి మూర లెక్కన అమ్మేవారికి ఇది కలిసివచ్చే గుణం. వానలు ముసిరినప్పుడు పూత తగ్గుతుందని ముందే తెలిసి ఉండాలి.

ఇక ఒక మాట. మన సంఘాలలో కొన్నిటిలో స్త్రీలు పూలు పెట్టుకుంటారు, కొన్నిటిలో పెట్టుకోరు. ఒక సంఘపు పిల్ల మరొక సంఘపు ఇంటికి కోడలిగా వచ్చినప్పుడు, ఆమె జడలోని మూరెడు పూల మీద మాటలు పడి కన్నీళ్ళ దాకా వెళ్ళిన ఇళ్ళు ఉన్నాయి. పౌలు, పేతురు తమ పత్రికలలో జడలను, బంగారాన్ని, విలువైన వస్త్రాలను గూర్చి హెచ్చరించారు. పూల పేరు ఆ వాక్యాలలో లేదు. ఆడంబరము కూడదన్న వారి మాట మాత్రం మనందరికీ చెందుతుంది. మనస్సాక్షిని బట్టి పూలు మానిన అత్తగారిని కోడలు గౌరవించాలి. పూలు పెట్టుకున్న కోడలిని అత్తగారు అవిశ్వాసిగా చూడకూడదు. తినేవాడు, తిననివాడు ఒకరినొకరు తీర్పు తీర్చవద్దని రోమా సంఘానికి చెప్పిన బుద్ధి ఇక్కడ కూడా సరిపోతుంది.

పూలు జడలోకి వెళ్ళినా, ఆదివారం మందిరపు బల్ల మీదికి వెళ్ళినా, కొమ్మ మీదే ఉన్నా, ఆ రంగు వేసినవాడు ఒక్కడే. పొలములోని పువ్వులను చూచి నేర్చుకోమని ప్రభువు చెప్పాడు. ఈ వానాకాలం అత్తాకోడళ్ళు కలిసి ఇంటి నీడలో నాలుగు మొక్కలు నాటి నీళ్ళు పోయండి.