బంతి – ఓటు – డాక్టర్ సోక్రటీస్

(ద్వితీయ సంవత్సరం బి.యస్సీ. విద్యార్థి)

సోక్రటీస్ అనగానే మన కాలేజీలో ఎవరికైనా గుర్తొచ్చేది విషపాత్ర పుచ్చుకున్న గ్రీకు తత్త్వవేత్త. మిత్రులారా, ఈ వ్యాసం ఆయన గురించి కాదు. ఆయన పేరు పెట్టుకుని, గడ్డం పెంచుకుని, డాక్టరీ చదువుకుని, బ్రెజిల్ దేశపు ఫుట్‌బాల్ జట్టుకు నాయకుడైన ఒక పొడుగాటి మనిషి గురించి. ఫుట్‌బాల్ అంటే మనవాళ్ళకు పీలే, మారడోనా, ఇప్పుడు మెస్సీ. ముగ్గురూ గొప్పవాళ్ళే, కాదనను. కానీ విద్యార్థి సంఘం తీసుకొచ్చే సంచికలో రాయాల్సింది ఈయన గురించేనని నా అభిప్రాయం. ఎందుకో చదువుతూ పోతే మీకే తెలుస్తుంది.

ఆయన 1954 ఫిబ్రవరి 19న ఉత్తర బ్రెజిల్‌లోని బెలెమ్ నగరంలో పుట్టాడు. తండ్రి రైముందో పేదరికంలో పెరిగి, తనంతట తాను చదువుకుని, ప్రభుత్వోద్యోగం సంపాదించిన మనిషి. ఆయనకు పుస్తకాల పిచ్చి. గ్రీకు పుస్తకాలు చదివిన ఊపులో పెద్ద కొడుకుకి సోక్రటీస్ అని పెట్టాడు. తరువాతి ఇద్దరికీ సోస్తెనిస్, సోఫొక్లీస్ అని పెట్టాడు. అందరికన్నా చిన్నవాడు రాయీ దగ్గరికొచ్చేసరికి గ్రీకు పేర్లు వదిలేశాడు. ఆ రాయీ కూడా తరువాత 1994లో ప్రపంచ కప్పు గెలిచిన బ్రెజిల్ జట్టులో ఆడాడు, అది వేరే కథ.

1964లో బ్రెజిల్‌లో సైన్యం అధికారం లాక్కుంది. సోక్రటీస్‌కి అప్పటికి పదేళ్ళు. ప్రాణంలా చూసుకునే పుస్తకాల్లో కొన్నిటిని తండ్రి తన చేతులతోనే తగలబెట్టడం ఆ కుర్రవాడు చూశాడు. రష్యా విప్లవం లాంటి విషయాల మీద పుస్తకాలు ఇంట్లో దొరికితే ప్రమాదమని తండ్రి భయం. ఆ మంట తనను జీవితమంతా వెంటాడిందని సోక్రటీస్ పెద్దయ్యాక చెప్పుకున్నాడు. పుస్తకం కొనడానికి బస్సు చార్జీలు మిగుల్చుకునే మనలాంటి వాళ్ళకు ఆ తండ్రి బాధ వేరే చెప్పక్కర్లేదనుకుంటాను.

కుటుంబం రిబెయిరావ్ ప్రెతో అనే ఊరికి మారింది. అది సావ్ పావ్లో రాష్ట్రంలో కాఫీ తోటలతో పేరుపడ్డ ఊరు. అక్కడి విశ్వవిద్యాలయ వైద్య కళాశాలలో సోక్రటీస్‌కి సీటొచ్చింది. అదే ఊళ్ళోని బొతఫోగో జట్టుకూ ఆడాడు. పొద్దున శవపరీక్ష తరగతులు, ఆదివారం మ్యాచి. ప్రాక్టీసుకి వెళ్ళడానికి టైముండేది కాదు. పెద్ద క్లబ్బులు పిలుస్తున్నా పట్టా చేతికొచ్చేవరకూ కదలనన్నాడు. 1977లో డాక్టరయ్యాడు, 1978లో కొరింథియన్స్ క్లబ్బులో చేరాడు. అప్పటినుంచీ బ్రెజిల్ జనానికి ఆయన 'డాక్టరు'.

ఆయన ఆట గురించి రెండు మాటలు. మైదానం మధ్యలో ఆడేవాడు. అంటే వెనకనుంచి వచ్చిన బంతిని అందుకుని ముందువాళ్ళకు పంచిపెట్టే పని; మా ఊళ్ళో కాలవ దగ్గర ఏ మడికి ఎప్పుడు నీళ్ళు వదలాలో చూసే మనిషి లాంటివాడనుకోండి. ఎత్తు ఒక మీటరు తొంభైరెండు సెంటీమీటర్లు. అంత ఎత్తుకి పాదాలు చిన్నవి. పరుగు పెద్ద వేగమేమీ కాదు. అయినా పేరు తెచ్చిపెట్టింది మడమ. వెనక్కి తిరక్కుండానే మడమతో బంతిని తన్ని వెనకున్నవాడికి అందించేవాడు. జనం అది షోకు అనుకున్నారు. నాకైతే అది భౌతికశాస్త్రం. పొడుగాటి కాళ్ళూ చేతులూ ఉన్నవాడి జడత్వ భ్రామకం ఎక్కువ. గిర్రున తిరగాలంటే పొట్టివాడి కన్నా ఎక్కువ సమయం పడుతుంది. ఆ అర సెకనులో ఎదుటివాడు మీదికొచ్చేస్తాడు. మడమతో తంతే తిరిగే పనే లేదు. పైగా బంతి ఎటు పోతుందో మొహం చూసి కనిపెట్టడానికి వీల్లేదు. లోపాన్నే ఆయుధం చేసుకున్నాడన్నమాట.

ఇక అసలు సంగతికొస్తాను.

ఆ రోజుల్లో బ్రెజిల్‌లో ఆటగాడి బతుకు బయటికి కనిపించేంత గొప్పదేమీ కాదు. 'పాసె' అనే పద్ధతి ఉండేది. ఒప్పందం గడువు తీరినా ఆటగాడి మీద హక్కు క్లబ్బుదే. కొత్త క్లబ్బు డబ్బు కట్టి విడిపించుకుంటే తప్ప అతను ఎక్కడికీ పోలేడు. మా తాతల కాలంలో పాలేరు ఒక ఆసామి దగ్గర తీసుకున్న అప్పు తీరేదాకా ఇంకో ఆసామి గడప తొక్కడానికి వీల్లేదని ఇంట్లో చెప్పుకునేవారు. మన దేశంలో వెట్టిచాకిరీ రద్దు చట్టం 1976లో వచ్చింది. బ్రెజిల్ ఆటగాళ్ళ పాసెకి చట్టం ద్వారా ముగింపు పలికింది 1998లో. ఆ చట్టానికి పీలే పేరే పెట్టారు. లక్షలమంది చప్పట్లు కొట్టే ఆటగాడికీ, మా పాలేరుకీ ఈ విషయంలో తేడా ఏముందో నాకు కనిపించలేదు.

ఇంకో పద్ధతి నిర్బంధ వసతి. ఆటకు ముందే ఆటగాళ్ళను తీసుకెళ్ళి ఒకచోట పెట్టేవారు. పెళ్ళాం పిల్లలున్నవాళ్ళయినా సరే, ఇంటికి పోకూడదు. సంక్రాంతికి ముందు పందెం పుంజును విడిగా కట్టేసి మేపుతారు చూడండి, సరిగ్గా అలాగే. తిండి మాత్రం మంచిదే పెడతారు.

1981లో కొరింథియన్స్ ఆట బాగా దెబ్బతింది. ఎంతగా అంటే 1982 జాతీయ పోటీల్లో ముందు రెండో శ్రేణిలో ఆడాల్సొచ్చింది. క్లబ్బును ఏళ్ళ తరబడి సొంత జమీలా నడిపిన పాత అధ్యక్షుడి స్థానంలో వాల్దెమార్ పీరెస్ వచ్చాడు. ఆయన ఫుట్‌బాల్ వ్యవహారాలను అదిల్సన్ మొంతెయిరో ఆల్వెస్ అనే యువకుడికి అప్పగించాడు. ఈ అదిల్సన్ చదివింది సమాజశాస్త్రం. ఆయన ఆటగాళ్ళను కూర్చోబెట్టి, మీకేం కావాలో చెప్పండి అని అడిగాడు. అంతవరకూ వాళ్ళను ఆ మాట అడిగిన నాథుడు లేడు. సోక్రటీస్, కార్మిక సంఘపు ఆలోచనలున్న వ్లదిమీర్, ఇంకా ఇరవై నిండని కాసాగ్రాండె ముందుకొచ్చారు. అందరూ కలిసి ఒక నియమం పెట్టుకున్నారు: జట్టుకు సంబంధించిన ప్రతి విషయమూ ఓటుతోనే తేలాలి. మనిషికి ఒక ఓటు. జట్టు నాయకుడిదీ ఒక ఓటే, బట్టలు సర్దేవాడిదీ ఒక ఓటే, కాళ్ళు పట్టేవాడిదీ ఒక ఓటే.

ప్రాక్టీసు ఎన్నింటికి? ఓటు. భోజనం ఎప్పుడు? ఓటు. కొత్త ఆటగాడిని తీసుకోవాలా? దానికీ ఓటు. నిర్బంధ వసతి విషయం కూడా ఓటుకే వచ్చింది. దాన్ని సడలించారు. ఆట ముందురోజు తమ ఇంట్లో తాము పడుకోవడం అనే చిన్న సౌకర్యం కోసం ఇంత చర్చా అనిపించవచ్చు. హాస్టల్లో ఉండేవారికి మాత్రం అది చిన్నదిగా అనిపించదు.

అప్పుడు దేశంలో ఏం జరుగుతోందో గుర్తుంచుకోవాలి. 1964 నుంచీ అధ్యక్షులందరూ సైన్యాధికారులే. జనానికి అధ్యక్షుడిని ఎన్నుకునే హక్కు లేదు. చదువురానివాళ్ళకైతే ఏ ఎన్నికలోనూ ఓటే లేదు. అది 1985లో గానీ రాలేదు. అలాంటి దేశంలో బట్టలు సర్దేవాడు చెయ్యెత్తి ఓటేస్తున్నాడంటే అది ఫుట్‌బాల్ వార్త కాదు, రాజకీయ వార్త. వాషింగ్టన్ ఒలివెత్తో అనే ప్రకటనల నిపుణుడు దీనికి 'కొరింథియన్స్ ప్రజాస్వామ్యం' అని పేరు స్థిరపరిచాడు. చొక్కాల మీద వ్యాపార ప్రకటనలు వేసుకోవడానికి అప్పుడప్పుడే అనుమతి వచ్చింది. వీళ్ళు ఆ జాగాలో సబ్బు పేరో సిగరెట్టు పేరో వేసుకోవచ్చు. 1982 నవంబరు 15న రాష్ట్రాల గవర్నర్ల ఎన్నికలు జరగబోతుంటే, '15న ఓటెయ్యండి' అని వీపు మీద రాసుకుని మైదానంలోకి దిగారు. ఏ పార్టీకి వెయ్యమనీ చెప్పలేదు. ఓటెయ్యమన్నారు, అంతే.

ఇదంతా చేస్తూ ఆటలో ఓడిపోయి ఉంటే జనం నవ్వేవారు. ఓడిపోలేదు. 1982, 1983 రెండేళ్ళూ సావ్ పావ్లో రాష్ట్ర ఛాంపియన్లు వీళ్ళే. 1983 ఫైనల్‌కి 'గెలిచినా ఓడినా ప్రజాస్వామ్యంతోనే' అనే అర్థం వచ్చే బ్యానరు పట్టుకుని వచ్చారు. ఓటింగు వల్లే గెలిచారని మాత్రం నేను వాదించను. అంత మంచి ఆటగాళ్ళున్న జట్టు మరో రకంగానూ గెలిచి ఉండేదేమో. పైగా అందరూ ఒప్పుకున్నారనీ కాదు. గోల్‌కీపర్ లెయావ్‌ని తీసుకోవడం మీద జట్టులోనే చీలిక వచ్చింది. వచ్చాక ఆయనకు ఈ పద్ధతి గిట్టలేదు, ఆ మాట పైకే అన్నాడు. అయినా జట్టులోనే ఉన్నాడు, 1983 కప్పు ఆయనతోనే గెలిచారు. గిట్టనివాడికి కూడా చోటుండటం నాకు ఇందులో బాగా నచ్చిన విషయం.

ఈ మధ్యలోనే 1982 స్పెయిన్ ప్రపంచ కప్పు. దేశపు జట్టుకు నాయకుడు సోక్రటీసే. ఆ పోటీల కోసం సిగరెట్లు బాగా తగ్గించి ఒళ్ళొంచి కసరత్తు చేశాడు. జీకో, ఫల్కావ్, సెరెజో, ఎదెర్ - ఆ జట్టు ఆట వీడియోల్లో ఇప్పుడు చూసినా పరీక్షల సంగతి మర్చిపోతాం. రష్యాను 2–1తో, స్కాట్లండును 4–1తో, న్యూజిలాండును 4–0తో, రెండో దశలో అర్జెంటీనాను 3–1తో ఓడించారు. జులై 5న బార్సెలోనాలో ఇటలీతో మ్యాచి. డ్రా చేసుకుంటే చాలు, సెమీ ఫైనల్‌కి వెళ్ళిపోతారు. ఐదో నిమిషంలో పావొలో రోసి గోలు. పన్నెండో నిమిషంలో జీకో పాసు అందుకుని సోక్రటీస్ గోలు. మళ్ళీ రోసి. అరవై ఎనిమిదో నిమిషంలో ఫల్కావ్ సమం చేశాడు. 2–2. ఇంక ఇరవై నిమిషాలు వెనక్కి తగ్గి గోడ కడితే సరిపోయేది. కట్టలేదు. డెబ్భై నాలుగో నిమిషంలో రోసి మూడోది కొట్టాడు. 3–2. బ్రెజిల్ ఇంటికి.

శిక్షకుడు టెలె సంతానాను ఇందుకు తిట్టినవాళ్ళున్నారు. మా నాన్న లాంటి రైతయితే, చేతికొచ్చిన పంటను కళ్ళంలో వదిలేసి ఇంకో ఎకరం కొయ్యడానికి పోతాడా అంటాడు. న్యాయమైన ప్రశ్నే. కానీ ఆ ఏడాది కప్పు గెలిచిన ఇటలీ గురించి ఎంత రాశారో, ఓడిన ఈ జట్టు గురించీ అంతే రాస్తూ వచ్చారు.

1984 వచ్చేసరికి బ్రెజిల్ వీధులు నిండిపోయాయి. అధ్యక్షుడిని మేమే నేరుగా ఎన్నుకోవాలి అనేది నినాదం. అందుకు రాజ్యాంగ సవరణ కావాలి. అప్పటికే ఇటలీ క్లబ్బులు సోక్రటీస్ కోసం డబ్బు సంచులతో తిరుగుతున్నాయి. ఏప్రిల్‌లో సావ్ పావ్లో నగరంలో లక్షలమంది సభలో ఆయన మైకు ముందుకొచ్చి, సవరణ నెగ్గితే నేను దేశం విడిచి వెళ్ళను అని ప్రకటించాడు. ముప్పై ఏళ్ళ వయసు. ఆటగాడికి అంతకన్నా పెద్ద సంపాదన మళ్ళీ రాదు. దాన్ని తీసుకొచ్చి నలుగురి ముందు పణంగా పెట్టాడు.

ఏప్రిల్ 25న ఓటింగు జరిగింది. నెగ్గడానికి 320 ఓట్లు కావాలి. పడినవి 298. వ్యతిరేకంగా పడినవి తక్కువే. వందమందికి పైగా సభ్యులు అసలు సభకే రాలేదు. ఇరవై రెండు ఓట్ల తేడాతో సవరణ వీగిపోయింది. సోక్రటీస్ ఇటలీకి, ఫియొరెంతీనా క్లబ్బుకి వెళ్ళిపోయాడు. అక్కడ ఒక్క సీజనే ఉన్నాడు, మనసు నిలవలేదు. ఇక్కడ 1985 క్లబ్బు ఎన్నికల్లో అదిల్సన్ ఓడిపోవడంతో కొరింథియన్స్ ప్రజాస్వామ్యం ముగిసింది. ఓటుతో నడిచినది ఓటుతోనే పోయింది. అదే ఏడాది సైనిక పాలనా పోయింది. బ్రెజిల్ జనం అధ్యక్షుడికి నేరుగా ఓటేసింది 1989లో.

1986లో మెక్సికో ప్రపంచ కప్పులో ఆయన మళ్ళీ కనిపించాడు. ముందు సంవత్సరం భూకంపంలో ఆ దేశం అల్లకల్లోలమైంది. సోక్రటీస్ నుదుటికి కట్టిన గుడ్డ మీద 'మెక్సికో ఇంకా నిలబడే ఉంది' అని రాసుకున్నాడు. క్వార్టర్ ఫైనల్లో ఫ్రాన్సుతో 1–1. పెనాల్టీల దాకా వెళ్ళింది. మొదటి కిక్కు ఆయనదే. ఎప్పటిలాగే పెద్దగా పరిగెత్తకుండా తన్నాడు. గోల్‌కీపర్ బాట్స్ ఆపేశాడు. ఆ తరువాత ఫ్రాన్సు తరఫున ప్లాటినీ అంతటివాడు కూడా తప్పాడు గానీ, గెలుపు ఫ్రాన్సుదే. దేశం తరఫున సోక్రటీస్ ఆడినవి మొత్తం 60 మ్యాచిలు, గోళ్ళు 22.

ఆట మానేశాక వైద్యం చేశాడు, పత్రికల్లో వ్యాసాలు రాశాడు. తాగుడు మాత్రం మానలేదు. ఇది దాచిపెట్టి రాయడం నాకిష్టం లేదు. జంతుశాస్త్రం చదివే నా రూమ్మేటు వివరించి చెప్పాడు: మద్యంతో కాలేయం గట్టిపడితే అందులోకి రావాల్సిన రక్తానికి దారి మూసుకుపోతుంది, ఆ ఒత్తిడి అన్నవాహిక దగ్గరి సన్నటి నాళాల మీద పడి అవి చిట్లుతాయి. ఈ సంగతి క్లాసులో చదివి పరీక్షలో రాసినవాడే సోక్రటీస్. 2011లో ఆయనకు సరిగ్గా అలాంటి రక్తస్రావమే జరిగి పలుమార్లు ఆసుపత్రి పాలయ్యాడు. ఆ డిసెంబరు 4న, ఆదివారం తెల్లవారుజామున, యాభై ఏడేళ్ళకే పోయాడు.

ఆ సాయంత్రమే కొరింథియన్స్‌కి జాతీయ పోటీల ఆఖరి మ్యాచి ఉంది, ఎదురు జట్టు ఆజన్మ శత్రువు పల్మెయిరాస్. ఆట మొదలయ్యే ముందు కొరింథియన్స్ ఆటగాళ్ళు మైదానం మధ్య గుండ్రంగా నిలబడి, గోలు కొట్టినప్పుడు సోక్రటీస్ ఎత్తినట్టే కుడి పిడికిలి పైకెత్తారు. స్టేడియంలో జనమూ ఎత్తారు. మ్యాచిలో ఎవరూ గోలు కొట్టలేదు, 0–0. ఛాంపియన్లు కావడానికి ఆ రోజు వాళ్ళకు డ్రా చాలు.