చిత్తం, మంత్రిగారూ!

మంత్రుల మీద, అధికారుల మీద బ్రిటన్‌ను ఏళ్ల తరబడి నవ్వించిన ఆంటొనీ జే ఆ నవ్వుకు బీజాన్ని ఒక ఉరిశిక్ష కేసులో చూశారు

1984 జనవరి. లండన్‌లో ఒక అవార్డుల కార్యక్రమంలో సాక్షాత్తూ బ్రిటన్ ప్రధాని మార్గరెట్ థాచర్ నటిస్తున్నారు. పక్కన ఇద్దరు టీవీ నటులు. మంత్రి జిమ్ హాకర్‌గా పాల్ ఎడింగ్టన్, ఆయన శాఖ కార్యదర్శి సర్ హంఫ్రీ ఆపిల్‌బీగా నైజెల్ హాథార్న్. దేశంలో ఆర్థికవేత్తలు లేకుండా చేయాలన్నది ప్రధాని హుకుం. హంఫ్రీ నీళ్లు నమిలారు. తీరా ఆయన చదివిందేమిటని ఆరా తీస్తే అదీ ఆర్థికశాస్త్రమే. అయితే ఎక్కడ మొదలుపెట్టాలో మీకే బాగా తెలుస్తుందని ఆమె ముక్తాయించారు.

తనకెంతో ఇష్టమని థాచర్ బాహాటంగా చెప్పుకున్న ఆ సీరియల్ పేరు 'ఎస్ మినిస్టర్'. దాన్ని ఇద్దరు రాశారు. ఒకరు రంగస్థలం నుంచి వచ్చిన జొనాథన్ లిన్. రెండోవారు ఆంటొనీ జే. ఈ కథ జేది.

ఆ హాస్యానికి బీజం మాత్రం నవ్వులాట వ్యవహారం కాదు. 1950 మార్చిలో తిమోతి ఎవాన్స్ అనే యువకుణ్ని, కన్నకూతుర్ని చంపాడన్న నేరంపై లండన్‌లో ఉరి తీశారు. కోర్టులో అతనికి వ్యతిరేకంగా కీలక సాక్ష్యం చెప్పింది అదే ఇంట్లో కింది వాటాలో ఉండే జాన్ క్రిస్టీ. మూడేళ్ల తర్వాత ఆ ఇంట్లోనే శవాలు బయటపడ్డాయి. వరుస హత్యలు చేసింది క్రిస్టీయేనని తేలింది. అతణ్నీ ఉరి తీశారు. మరి ఎవాన్స్ సంగతేమిటి? విచారణ జరపాలని డిమాండ్ చేసినవారిలో ప్రతిపక్ష ఎంపీ ఫ్రాంక్ సాస్కిస్ ఒకరు. 1964లో లేబర్ పార్టీ గెలిచింది. సాస్కిస్ హోం మంత్రి అయ్యారు. విచారణ కోరుతూ వినతి ఆయన బల్ల మీదికే వచ్చింది. ఆయన తిరస్కరించారు!

ఒత్తిడి పెరిగాక విచారణ జరిగింది. 1966లో, మరో హోం మంత్రి హయాంలో, చనిపోయిన పదహారేళ్లకు ఎవాన్స్‌కు క్షమాభిక్ష దక్కింది. జేను వదలని ప్రశ్న ఒక్కటే. ప్రతిపక్షంలో ఉండగా న్యాయమనిపించింది కుర్చీ ఎక్కగానే ఎందుకు కుదరదు? ఆ గుమ్మం దాటాక మనిషికి ఏమవుతుంది? పదిహేనేళ్ల తర్వాత ఆయన ఇచ్చిన జవాబే 'ఎస్ మినిస్టర్'.

జే 1930లో లండన్‌లో పుట్టారు. కేంబ్రిడ్జిలో ప్రాచీన భాషలు చదివి 1955లో బీబీసీలో చేరారు. 'టునైట్' అనే సాయంకాలపు కార్యక్రమానికి ఎడిటర్‌గా ఎదిగారు. 1964లో ఉద్యోగం వదిలేసి స్వతంత్ర రచయితగా మారారు. 1967లో కార్పొరేట్ కంపెనీలను పాతకాలపు రాజ్యాలతో పోలుస్తూ 'మేనేజ్‌మెంట్ అండ్ మాకియవెల్లి' రాశారు. 1969లో బ్రిటన్ రాజకుటుంబంపై బీబీసీ తీసిన డాక్యుమెంటరీకి వ్యాఖ్యానం ఆయనదే. 1972లో హాస్యనటుడు జాన్ క్లీస్ తదితరులతో కలిసి వీడియో ఆర్ట్స్ అనే శిక్షణ చిత్రాల సంస్థ పెట్టారు. లిన్‌తో పరిచయం అక్కడిదే.

ఇద్దరూ ఊహల మీద ఆధారపడలేదు. మాజీ మంత్రి రిచర్డ్ క్రాస్‌మన్ డైరీలు అప్పటికే అచ్చయి కలకలం రేపాయి. మంత్రివర్గంలో అసలేం జరుగుతుందో వాటిలో ఉంది. ప్రధాని కార్యాలయంలో పనిచేసిన మార్షా విలియమ్స్, బెర్నార్డ్ డొనహ్యూ లోగుట్టు చెప్పారు. 1979 ఎన్నికలపై ప్రభావం పడుతుందన్న భయంతో బీబీసీ సీరియల్‌ను ఆపింది. 1980 ఫిబ్రవరి 25న తొలి భాగం వచ్చింది. 'ఎస్ ప్రైమ్ మినిస్టర్' పేరుతో హాకర్ ప్రధాని అయ్యాక కూడా కొనసాగి 1988లో ముగిసింది. మొత్తం 38 భాగాలు.

హాకర్‌ది ఏ పార్టీయో ఎక్కడా చెప్పలేదు. పార్లమెంటులో చర్చలు దాదాపు కనిపించవు. అసలు పాలన నాలుగు గోడల మధ్యే జరుగుతుందన్నది రచయితల లెక్క. మంత్రికి కావలసింది ఓట్లు, పత్రికల్లో పేరు. కార్యదర్శికి కావలసింది బడ్జెట్, సిబ్బంది, యథాతథ స్థితి. మంత్రి ప్రతిపాదనను హంఫ్రీ ఎన్నడూ కాదనరు. కమిటీ వేస్తారు. ఊపిరాడని పొడవాటి వాక్యం ఒకటి వదులుతారు. ఇదేదీ పనిచేయకపోతే ఇది చాలా సాహసోపేతమైన నిర్ణయమని మెచ్చుకుంటారు. ఆ మాటతో హాకర్‌కు ముచ్చెమటలు పడతాయి. 'సాహసం' అంటే ఎన్నికల్లో ఓటమేనని ఆయనకు తెలుసు.

ఒక భాగంలో కొత్త ఆస్పత్రి ఉంటుంది. వందల మంది పాలనా సిబ్బంది ఉంటారు. రోగి మాత్రం ఒక్కడూ ఉండడు. అయినా హంఫ్రీ దృష్టిలో అది చక్కగా నడుస్తున్న ఆస్పత్రే.

విమర్శ కూడా ఇక్కడే మొదలైంది. అధికారులు ప్రజాసేవ ముసుగులో సొంత ప్రయోజనాలే చూసుకుంటారన్న 'పబ్లిక్ చాయిస్' సిద్ధాంతాన్ని జే నమ్మారు. ఆ సిద్ధాంతమే థాచర్ హయాంలో ప్రభుత్వాన్ని కుదించడానికి ఊతమిచ్చింది. 2007లో ఆడమ్ కర్టిస్ తన డాక్యుమెంటరీ 'ద ట్రాప్'లో ఈ లింకునే ఎత్తిచూపారు. జే మొహమాటపడలేదు. బీబీసీలో తమ తరం వామపక్ష ధోరణిని విమర్శిస్తూ అదే ఏడాది ఒక కరపత్రం రాశారు. అంతకుముందే, 1988లో, ఆయనకు సర్ బిరుదు దక్కింది. హంఫ్రీలను ఎగతాళి చేసిన వ్యక్తి హంఫ్రీ సరసన చేరారన్నమాట.

అయితే సీరియల్‌ను ఒక సిద్ధాంతానికి కట్టేయడమూ కష్టమే. అందులో మంత్రి గెలిచినప్పుడు జనం గెలుస్తారన్న భరోసా ఏమీ లేదు. హంఫ్రీ అడ్డుపడకపోతే హాకర్ మరింత అనర్థం తెచ్చే సందర్భాలూ ఉన్నాయి. అందుకే దాన్ని అన్ని పార్టీల వారూ ఆస్వాదించారు.

భారతీయులకు ఈ హంఫ్రీ కొత్తవాడేమీ కాదు. 1854లో బ్రిటన్ సివిల్ సర్వీసుకు రూపురేఖలిచ్చిన నివేదికకర్తల్లో ఒకరైన చార్లెస్ ట్రెవిలియన్ భారత్‌లో ఈస్టిండియా కంపెనీ అధికారిగా పనిచేసినవారే. 2001లో స్టార్ ప్లస్‌లో ఫారూఖ్ షేక్ మంత్రిగా 'జీ మంత్రీజీ' వచ్చినప్పుడు కథలను మన దేశానికి తేవడానికి పెద్దగా తంటాలు పడాల్సిన పని లేకపోయింది. ఫైలు అదే. ఎర్ర టేపు అదే.

జే 2016 ఆగస్టులో 86వ ఏట కన్నుమూశారు. ఆయన సీరియల్‌లో దాదాపు ప్రతి భాగమూ ఒకే మాటతో ముగుస్తుంది - చిత్తం, మంత్రిగారూ. వినడానికి అది విధేయత. కానీ 1965లో తాను కోరిన విచారణనే తోసిపుచ్చుతూ ఫైలు ముందుకు జరిపిన మంత్రి వినివుండేదీ ఆ మాటే కావచ్చు.