మీ చెవులే మీ పెట్టుబడి!

మీ కాలేజీలో షార్ట్ ఫిల్మ్ తీసే బ్యాచ్ ఒకటైనా ఉండే ఉంటుంది. కెమెరా పట్టేవాళ్లు బోలెడుమంది. మరి సౌండ్ ఎవరు చూస్తున్నారు? చాలాసార్లు ఎవరూ చూడరు. డైలాగ్ సరిగా వినపడదు, షాట్ మారితే శబ్దమూ మారిపోతుంది. ఆ ఖాళీయే మీకు అవకాశం.

పెద్ద హీరోలెవరూ లేని 'కేరాఫ్ కంచరపాలెం' (2018)తో సంగీత దర్శకుడు స్వీకార్ అగస్తి పేరు బయటికొచ్చింది. తర్వాత 'మిడిల్ క్లాస్ మెలోడీస్' (2020) చేశారు. చిన్న సినిమాకు చేసిన పనే ఇక్కడ మీ రెజ్యూమె.

రెండూ ఒకటి కాదు

పాటలు, నేపథ్య సంగీతం కంపోజర్ పని. డైలాగ్ శుభ్రం చేయడం, అడుగుల చప్పుడు, గాలి, వీధి సందడి పేర్చడం సౌండ్ డిజైనర్ పని. చిన్న సినిమాల్లో రెండూ ఒక్కరే చేయాల్సి రావచ్చు.

ఊళ్లోనే సరుకు

మీది రామచంద్రపురం అనుకోండి. తెల్లవారుజామున కాలువ గట్టు, రైస్ మిల్లు, బస్టాండు, కోతలప్పుడు పొలం, అనుమతి తీసుకుని ద్రాక్షారామం గుడి గంటలు.. ఒక్కోటి మూడు నిమిషాలు కదలకుండా రికార్డు చేయండి. 48 కిలోహెర్ట్జ్, 24 బిట్ వేవ్ ఫైల్‌గా దాచండి. ఫైల్ పేరులో చోటు, సమయం రాయండి. గోదావరి జిల్లా కథ తీసేవాళ్లకు ఈ శబ్దాలు హైదరాబాద్ స్టూడియోలో దొరకవు.

షూటింగ్‌లో అయితే ప్రతి లొకేషన్లో అందర్నీ ఆపి 30 సెకన్ల నిశ్శబ్దం పట్టుకోండి. దాన్నే రూమ్ టోన్ అంటారు. ఎడిటింగ్‌లో డైలాగుల మధ్య అతుకులు కనపడకుండా చేసేది అదే.

ఖర్చెంత?

డావించి రిజాల్వ్ ఉచిత వెర్షన్లోనే ఫెయిర్‌లైట్ అనే సౌండ్ విభాగం ఉంది. రీపర్‌ని 60 రోజులు ఉచితంగా వాడి చూడొచ్చు. ముందు ఓ మంచి హెడ్‌ఫోన్ కొనండి, మైకు తర్వాత.

పద్ధతిగా చదవాలంటే పుణెలోని ఎఫ్‌టీఐఐ, కోల్‌కతాలోని ఎస్‌ఆర్‌ఎఫ్‌టీఐల్లో సౌండ్ కోర్సులున్నాయి. ఎఫ్‌టీఐఐకి డిగ్రీతోపాటు ఇంటర్‌లో ఫిజిక్స్ చదివి ఉండాలి. ఇంజినీరింగ్ వాళ్లకు ఇది కలిసొచ్చేదే. ఆస్కార్ అందుకున్న రసూల్ పూకుట్టి అక్కడ చదివినవారే.

సంతకానికి ముందు..

'మనోళ్లే కదా' అని నోటిమాటతో పని మొదలెట్టొద్దు. 2012 కాపీరైట్ సవరణ ప్రకారం.. సినిమా హాల్లో చిత్రంతోపాటు వినిపించడం మినహా, ఇతరత్రా వాడకంపై వచ్చే రాయల్టీలో సమాన వాటా హక్కును స్వరకర్త నిర్మాతకు రాసివ్వడానికి వీల్లేదు. సౌండ్ డిజైనర్‌కు ఈ నిబంధన వర్తించదు. కాబట్టి పారితోషికం, వాయిదాలు, టైటిల్స్‌లో పేరు, ఎన్నిసార్లు మార్పులు చేస్తారు.. అన్నీ కాగితం మీద ఉండాల్సిందే.

నెలనెలా జీతంలా డబ్బు రాదు. అందుకే మొదట్లో ఉద్యోగం, ఇది రెండూ నడపడం మంచిది.

ఈ వారమే ఓ పని చేయండి. మిత్రుడి మూడు నిమిషాల షార్ట్ ఫిల్మ్ అడిగి తీసుకుని, సౌండ్ మొత్తం మళ్లీ కట్టండి. ముందు, తర్వాత పక్కపక్కన పెట్టి దర్శకులకు పంపండి. తేడా వాళ్లకే వినపడుతుంది.