చంద్రమతి అందించిన పద్యం

రీల్ ముప్పై సెకన్లు దాటితే చాలు, వేలు దానంతటదే స్క్రీన్ మీద పైకి జరిగే కాలం మనది. అలాంటిది మాటలే లేని సినిమాని గంటకు పైగా చూడగలమా? నేను చూశాను. 1926లో వచ్చిన హాలీవుడ్ మూకీ అది. పేరు 'ఎగ్జిట్ స్మైలింగ్'. ఎందుకు కదలకుండా చూశానంటే, అందులో ఉన్నది అచ్చం మా ఆదోని, ఎమ్మిగనూరు పల్లెల్లో జరిగే కథే!

ఊరూరా తిరిగే ఓ నాటకాల కంపెనీ. రైలు పెట్టెలోనే వాళ్ల కాపురం. అందులో వయొలెట్ అనే అమ్మాయి ఉంటుంది. అందరి బట్టలు చూసుకోవడం, చిల్లర పనులు చేయడం, స్టేజీ మీద చిన్న పనిమనిషి వేషం వేయడం... ఇదీ ఆమె బతుకు. కానీ హీరోయిన్ వేషం డైలాగులన్నీ ఆమెకు కంఠతా వచ్చు. ఒక్క ఛాన్స్ కోసం కాచుక్కూర్చుంటుంది.

డబ్బు కాజేశాడన్న నింద పడ్డ ఓ కుర్రాడు కంపెనీలో చేరతాడు. వయొలెట్ అతని మీద మనసు పడుతుంది. కంపెనీ అతని సొంతూరికి వెళ్లినప్పుడు, అసలు దొంగను కదలనీయకుండా ఆపడానికి ఆమె ఇన్నాళ్లూ కలలుగన్న ఆ వేషాన్నే వేస్తుంది. స్టేజీ మీద కాదు, బయట! కుర్రాడి మీద మచ్చ పోతుంది. కానీ కాపాడిందెవరో అతనికి తెలీదు. తన పాత ప్రేయసి దగ్గరే ఉండిపోతాడు. వయొలెట్ కంపెనీతో పాటు వెళ్లిపోతుంది. అప్పటిదాకా నవ్వించిన సినిమా చివర్లో గొంతుకు అడ్డం పడుతుంది.

వయొలెట్‌గా చేసింది బియాట్రిస్ లిల్లీ. ఆమె అసలు రెవ్యూ ఆర్టిస్టు. రెవ్యూ అంటే ఒకే కథ లేకుండా పాటలు, డాన్సులు, చిన్న చిన్న కామెడీ స్కిట్లు కలిపి చేసే స్టేజీ షో. 1924లో లండన్ నుంచి న్యూయార్క్ వెళ్లిన 'చార్లట్స్ రెవ్యూ'తో అక్కడ బాగా పేరొచ్చింది. 'ఎగ్జిట్ స్మైలింగ్' ఆమెకు మొదటి సినిమా. పాటలతో పేరు తెచ్చుకున్న మనిషిని గొంతు వినపడని సినిమాలో పెట్టారన్నమాట. అయినా ముఖంతో, చేతులతోనే లాక్కొచ్చేసింది.

స్టేజీ నుంచి తెర మీదికి

మన దేశంలోనూ సినిమాకి మనుషుల్ని ఇచ్చింది నాటకమే. 1913లో ఫాల్కే 'రాజా హరిశ్చంద్ర' తీస్తే, హరిశ్చంద్రుడి భార్య వేషం వేసింది సాలుంకే అనే మగాయన. వేషానికి ఆడవాళ్లు దొరకలేదు. అదే ఏడాది 'మోహినీ భస్మాసుర్'లో దుర్గాబాయి కామత్, ఆమె కూతురు కమలాబాయి నటించారు. ఇద్దరూ నాటకాల కంపెనీలతో తిరిగినవాళ్లే.

తెలుగులోనూ అంతే. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో మొదలైన నాటక సమాజం పేరు వినే ఉంటారు. ఆ సురభి కుటుంబాల నుంచి వచ్చిన కమలాబాయే 1932లో విడుదలైన 'భక్త ప్రహ్లాద'లో లీలావతి. మన మొదటి టాకీ హీరోయిన్.

ఇక బళ్లారి రాఘవ. 1953 దాకా ఆదోని బళ్లారి జిల్లాలోనే ఉండేది కాబట్టి ఆయన్ని మా జిల్లా మనిషి అనే చెప్పుకుంటాం. వృత్తికి లాయరు. ఆడవేషాలు ఆడవాళ్లే వేయాలని ఆ రోజుల్లోనే పట్టుబట్టి, వాళ్లతో కలిసి స్టేజీ ఎక్కారు.

రాత్రి హరిశ్చంద్ర, పొద్దున బస్సు

ఇప్పుడు మా పల్లెల సంగతి. జాతర వస్తే నాటకం ఉండాల్సిందే. హార్మోనియం మాస్టారు నెలల తరబడి ఊళ్లోనే ఉండి నేర్పిస్తాడు. రైతు కృష్ణుడవుతాడు, లైన్‌మన్ అర్జునుడవుతాడు. ఖర్చు కూడా వాళ్లే పెట్టుకుంటారు. ఆడవేషాలకి మాత్రం బయటి నుంచి ఆర్టిస్టుల్ని పిలిపిస్తారు.

రెండేళ్ల కింద ఓ పల్లెలో 'సత్య హరిశ్చంద్ర' చూశాను. అర్ధరాత్రి దాటాక కాటి సీను. చంద్రమతి కొడుకు శవాన్ని ఒళ్లో పెట్టుకుని ఏడుస్తోంది. కాటికాపరి హరిశ్చంద్రుడు పద్యం అందుకోవాలి. ఆయన మరిచిపోయాడు! హార్మోనియం రెండుసార్లు శ్రుతి పట్టుకుని ఎదురు చూసింది. చంద్రమతి ఏడుపు ఆపలేదు. ఆ ఏడుపులోనే కొడుకుని పిలుస్తున్నట్టుగా పద్యం మొదటి రెండు మాటలు అందించింది. ఆయన పట్టుకున్నాడు. రాగం ఎత్తుకున్నాడు. జనం 'ఒన్స్ మోర్' అని అరుపులు. చదివింపుల డబ్బంతా ఆయనకే. మైకులో ఆయన పేరే.

తెల్లారి బస్టాపులో ఆమె కనిపించింది. ముఖానికి రంగు ఇంకా పూర్తిగా పోలేదు. రాత్రి జరిగింది గమనించానని చెప్తే నవ్వింది. "హరిశ్చంద్రుడివి, నక్షత్రకుడివి అన్నీ నాకొస్తాయప్పా. రాకుంటే నాటకం తెల్లారదు" అంది. పదిహేనేళ్ల వయసు నుంచి ఆడుతోందట. ఇప్పుడు మోకాళ్ల నొప్పులు. జాతరల సీజన్ అయిపోతే పని ఉండదు.

కళాకారుల పింఛన్ అడగలేదా అన్నాను. "అడిగితి. యాడాడ ఆడినావో రుజువు తెమ్మన్యారు. నా తాన యాముండాయప్పా? రెండు పాంప్లెట్లు. అండ్లోనూ నా పేరు ఒగదాంట్లో తప్పు" అంది. బస్సు రాగానే ట్రంకుపెట్టె ఎత్తుకుని ఎక్కేసింది.

పేరు వేయడానికి ఏం ఖర్చు?

తర్వాత నేను ఆ ఊరి ఫ్లెక్సీ చూశాను. వేషాలు వేసిన ఊరి మగవాళ్లందరి ఫొటోలూ, స్పాన్సర్ల ఫొటోలూ ఉన్నాయి. చంద్రమతి ఫొటో లేదు. కింద 'ప్రముఖ ఆర్టిస్టులచే' అని ఒక్క ముక్క. యూట్యూబ్‌లో ఆ నాటకం వీడియో కూడా పెట్టారు. డిస్క్రిప్షన్‌లో సౌండ్ సిస్టమ్ వాళ్ల ఫోన్ నంబర్ ఉంది గానీ ఆమె పేరు లేదు.

మూకీల కాలంలో కూడా టైటిల్ కార్డు ఉండేది. దాదాపు వందేళ్ల కిందటి సినిమాలో వయొలెట్ ఎవరో నేనీ రోజు చెప్పగలుగుతున్నానంటే సినిమా మిగిలింది, పేరూ మిగిలింది కాబట్టే. మన మూకీల్లో చాలావరకు పోయాయి. రఘుపతి వెంకయ్య, ఆయన కొడుకు ప్రకాశ్ 1921లో తీసిన 'భీష్మ ప్రతిజ్ఞ' కూడా ఇప్పుడు చూడ్డానికి లేదు. అయినా రికార్డుల్లో పేర్లున్నాయి కాబట్టి వాళ్లని తలుచుకుంటున్నాం.

సాఫ్ట్‌వేర్‌లో ఒక లైన్ కోడ్ మార్చినా ఎవరు మార్చారో, ఎప్పుడు మార్చారో రికార్డవుతుంది. రాత్రంతా నాటకాన్ని మోసిన మనిషికి ఆ పాటి లెక్క ఉండొద్దా?

జనవరిలో ఎమ్మిగనూరు నీలకంఠేశ్వరుడి జాతర వస్తుంది. చుట్టుపక్కల పల్లెల్లో నాటకాలూ పడతాయి. మీరెలాగూ ఫోన్ తీసి రికార్డ్ చేస్తారు. ఈసారి స్టేజీ వెనక్కి వెళ్లి చంద్రమతినో, ద్రౌపదినో "అమ్మా, మీ పేరేంటి?" అని అడగండి. ఒప్పుకుంటే పేరు, ఊరు, తేదీ, వేషం... నాలుగూ వీడియో కింద రాయండి. తర్వాత ఆ లింకు ఆమెకే పంపండి. రేపు ఏ ఆఫీసులోనైనా రుజువేదీ అని అడిగితే, చూపించడానికి ఆమె దగ్గర ఒకటి ఉంటుంది.